కంప్యూటరు సందేశముల రద్దీ

మన ఊళ్లలో రైలుగేటు పడినప్పుడు జరుగు తంతు అందరమును ఎరిగినదే. గేటునకు ఈవలనున్న బండ్లు ఎడమప్రక్కనే వరుసగా నిలిచినచో, రైలు పోయిన మరుక్షణమున రెండువైపులవారును సుఖముగా సాగిపోవుదురు. కాని ఓపిక లేనివాడొకడు కుడిప్రక్కనుండి ముందునకు పోవును. వానిని చూచి మరి పదిమంది పోవుదురు. గేటునకు ఆవల కూడ ఇట్లే జరుగును. పిదప గేటు లేచినను, ఎదురెదురుగా నిలిచిన ఆ బండ్లలో ఒక్కటియు కదలదు. దారినిండ బండ్లున్నవి, దాటినది మాత్రము ఒక్కటియు లేదు.

నేడు ఇంటర్నెట్టు అనబడుచున్న మహామార్గమునకు 1986వ సంవత్సరము అక్టోబరు మాసమున సరిగా ఇట్టి ఆపదయే సంభవించినది. ఆ మార్గము దానినుండి ఎట్లు బయటపడినదో, ఆనాడు నేర్చిన పాఠమును మన చేతిలోని ఫోను నేటికిని ఎట్లు పాటించుచున్నదో ముచ్చటించుట ఈ ప్రసంగమున మా ఉద్దేశము.

మొదట ఆ మార్గము స్వరూపమును కొంచెము తెలిసికొందము. పూర్వము ట్రంకు టెలిఫోనులో విజయవాడనుండి మదరాసుతో మాటలాడవలెనన్నచో, ఆ రెండూళ్ల నడుమ ఒక దారిని మన సంభాషణ ముగియువరకు మనకే కేటాయించెడివారు. మనము మాటలాడక ఊరకున్నను ఆ దారి మనదే, అన్యులకు దొరకదు. దారులన్నియు పనిలో నున్నచో మనము వేచియుండవలసినదే. ఆ పద్ధతిలో రద్దీ అనునది గుమ్మము వెలుపలనే నిలిచిపోవును. లోపల ప్రవేశించినవారికి దాని బాధ లేదు.

కంప్యూటర్ల పద్ధతి వేరు. అమెరికాలో పాల్ బారన్, ఇంగ్లండులో డొనాల్డ్ డేవిస్ 1960 తరువాతి యేండ్లలో ఎవరికి వారే దీనిని ఊహించిరి. ఇందులో ఏ దారియు ఎవ్వరికిని కేటాయింపబడదు. సందేశమును చిన్న చిన్న ముక్కలు చేసి, ప్రతి ముక్కకును చేరవలసిన చిరునామాను తగిలించి, అందరకును చెందిన దారిలో విడిచిపెట్టుదురు. ఈ ముక్కకు ప్యాకెట్టు అని పేరు. మనము పొట్లము అందము. 1969లో అమెరికాలో వెలసిన ఆర్పానెట్ అను కంప్యూటర్ల కూటమి ఈ పద్ధతిమీదనే నడచినది. నేడు మనము ఫోనునుండి 30 లక్షల బైట్ల ఛాయాచిత్రమును బంధువులకు పంపినచో, ఒక్కొక్కటి సాధారణముగా 1500 బైట్లకు మించని పొట్లములుగా, అనగా 2000కు పైబడిన పొట్లములుగా అది విడిపోయి ప్రయాణము చేయును.

దారులు కలియు కూడళ్లలో రౌటరు అను యంత్రముండును. వచ్చిన ప్రతి పొట్లము చిరునామాను చూచి, తగిన దారికి మరలించుట దాని పని. నాలుగు దారులనుండి వచ్చిన పొట్లములన్నియు ఒకే దారిలో పోవలసివచ్చినప్పుడు అవి రౌటరు జ్ఞాపకస్థలములో వరుసగా వేచియుండును. ఆ స్థలమునకు ఒక మితి కలదు. అది నిండిన పిమ్మట వచ్చిన పొట్లమును రౌటరు పారవేయును. అంతకంటె దానికి గత్యంతరము లేదు. పారవేసితినని సాధారణముగా ఎవ్వరికిని చెప్పదు కూడ.

ఐనచో ఉత్తరము చేరుట ఎట్లు? ఈ భారమును దారిమీద గాక, దారికి రెండు కొనలయందున్న కంప్యూటర్లమీద మోపిరి. వింటన్ సెర్ఫ్, రాబర్ట్ కాన్ అనువారు 1974లో ప్రకటించిన విధానమునుండి టి.సి.పి. అను నియమావళి పుట్టినది. ఆర్పానెట్ 1983 జనవరి 1వ తేదీన దానికి మారినది. దీని ప్రకారము పంపువాడు పొట్లములకు వరుస సంఖ్యలు వేయును. అందుకొన్నవాడు ముట్టినట్లు రసీదు పంపును. నియమిత కాలములో రసీదు రానిచో, పొట్లము పోయినదని తలచి పంపువాడు దానినే మరల పంపును. అంతేకాదు, ఒక్కమారుగా ఎన్ని బైట్లు తాను అందుకొనగలనో అందుకొనువాడు ముందుగా తెలుపును. దానికి మించి పంపరాదు.

ఈ యేర్పాటు చూచుటకు లోపము లేనిదిగనే తోచును. పంపువాని శక్తి వానికి తెలియును. అందుకొనువాని శక్తియు తెలియును. కాని నడుమనున్న దారి శక్తి యెంత? ఆ ప్రశ్నను అడిగినవారు లేరు, చెప్పువారును లేరు. ఈ లోపమువలన మార్గము కుప్పకూలగలదని ఫోర్డ్ ఏరోస్పేస్ సంస్థలో పనిచేయుచుండిన జాన్ నేగిల్ 1984లోనే వ్రాసి హెచ్చరించెను. రెండేండ్లకు పైగా గడచిన తరువాత అది నిజమైనది.

కాలిఫోర్నియా రాష్ట్రములో బర్కిలీ అను పట్టణమున ఒక విశ్వవిద్యాలయమున్నది. దానికి చేరువ కొండమీద లారెన్స్ బర్కిలీ ప్రయోగశాల యున్నది. రెండింటికిని నడుమ దూరము 400 గజములు. ఆ నడుమ కంప్యూటరు మార్గము సెకనుకు 32,000 బిట్లను చేరవేయుచుండెను. 1986 అక్టోబరులో అది హఠాత్తుగా సెకనుకు 40 బిట్లకు పడిపోయినది. అనగా 800 వంతులలో ఒక వంతు మాత్రము మిగిలినది. ఎనిమిది బిట్లకు ఒక ఇంగ్లీషు అక్షరము చొప్పున లెక్కించినచో, సెకనుకు ఐదక్షరములు. రెండువేల అక్షరముల ఉత్తరమొకటి పూర్వము అరసెకనులో పోవునది, ఇప్పుడు 400 సెకనులు, అనగా ఏడు నిమిషములకు కొంచెము తక్కువ, పట్టును. అంతలో ఆ ఉత్తరమును చేతబట్టుకొని 400 గజములు నడచిపోయి ఇచ్చి రావచ్చును కదా!

ఆ దారి తెగిపోలేదు. యంత్రములు చెడిపోలేదు. జరిగినదేమనగా, దారిలో పొట్లములు ఎక్కువై, వరుసలు పెరిగినవి. వరుసలు పెరుగుటచే రసీదులు ఆలస్యమైనవి. రసీదు రాలేదని పంపువారు అవే పొట్లములను మరల పంపిరి. మొదటివి దారిలో ఉండగనే రెండవవి వచ్చి చేరినవి. దానితో వరుసలు మరింత పెరిగి, రౌటర్లు పొట్లములను పారవేయ నారంభించెను. పారవేసినవానికై మూడవమారు పంపిరి. తంతులు క్షణము విరామము లేక పనిచేయుచునే యుండెను. కాని అవి మోయుచున్నది చాలవరకు ముందు మోసిన బరువునే. రైలుగేటువద్ద నిలిచిన బండ్ల కథ ఇదియే. పంపువాడు ప్రతి ఒక్కడును తన నియమము ననుసరించియే నడచెను. తన పని త్వరగా కావలెనని ప్రతివాడును చేసిన ప్రయత్నమే ఎవ్వరి పనియు కాకుండ చేసినది.

ఆ ప్రయోగశాలలో పనిచేయుచుండిన వాన్ జేకబ్‌సన్, ఆ విశ్వవిద్యాలయమునందలి మైకేల్ కారెల్స్ ఈ వ్యాధి నిదానమును కనుగొని, చికిత్స చేసిరి. దానిని జేకబ్‌సన్ 1988లో ప్రకటించెను. ఆ చికిత్సలో మూడు సూత్రములు ముఖ్యమైనవి.

మొదటిది, ఓపిక. రసీదునకు ఎంతసేపు వేచియుండవలెనో గుడ్డిగా నిర్ణయింపరాదు. ఇటీవలి రసీదులు ఎంతకాలమునకు వచ్చినవో, వాని రాకలో హెచ్చుతగ్గు లెంతగా నున్నవో చూచి, ఆ లెక్క ప్రకారము వేచియుండవలెను. అప్పటికిని రానిచో మరల పంపి, ఈసారి అంతకు రెండింతలకాలము వేచియుండవలెను.

రెండవది, మన పెండ్లిపంక్తుల మర్యాద వంటిది. పంక్తి నిండిన తరువాత, తిన్నవాడు లేచిననే గాని క్రొత్తవానిని కూర్చుండబెట్టరు. అట్లే, దారి నిండిన పిమ్మట ఒక పొట్లము దారినుండి వెలుపలికి పోయినదని తెలిసిననే గాని మరియొక పొట్లమును లోనికి పంపరాదు. వెలుపలికి పోయినదని తెలుపునది రసీదే. కావున రసీదులు ఏ వేగమున వచ్చునో పొట్లములును ఆ వేగముననే పోవును. వేరొక గడియారముతో పనిలేదు.

మూడవది, దారి శక్తిని తడవి తెలిసికొనుట. క్రొత్తగా వచ్చినవాడు మొదట ఒక్క పొట్లమే పంపవలెను. దానికి రసీదు వచ్చినచో రెండు, వానికి వచ్చినచో నాలుగు, పిమ్మట ఎనిమిది. దీనికి నిదానపు ఆరంభమని పేరు పెట్టిరి గాని, పది రాకపోకలు ముగియునప్పటికి సంఖ్య 1024 అగుచున్నది. నేడు ఒకటితో గాక పదింటితో ఆరంభించుట వాడుకయైనది. ఎక్కడనో ఒక పొట్లము పోవును. పోయినదనగా దారి నిండినదని అర్థము. అప్పుడు పంపువాడు తన వేగమును సగమునకు తగ్గించుకొనవలెను. పిమ్మట ఒక్కొక్క రాకపోకకు ఒక్కొక్క పొట్లము చొప్పుననే పెంచుకొనవలెను. 1988 నాటి పద్ధతిలో పొట్లము పోయినచో మరల ఒకటినుండి ఆరంభించి, పూర్వపు సంఖ్యలో సగము చేరువరకు మాత్రము త్వరపడి, అటుపిమ్మట నెమ్మదించెడివారు. 1990లో వచ్చిన సవరణతో, తరువాతి పొట్లములకు రసీదులు వచ్చుచునే యున్నచో, ఒకటికి దిగక నేరుగా సగమునకు తగ్గుట ఏర్పడినది. నేడు విరివిగా వాడుకలోనున్న క్యూబిక్ అను పద్ధతి పదింట మూడువంతులు తగ్గును. పెరుగు విధానమును వేరు. కాని పెరుగునప్పుడు తడవి చూచుచు పెరిగి, తగ్గునప్పుడు ఒక్కమారుగా తగ్గుట అను మూలసూత్రము అదియే.

పెరుగుట ఒక్కొక్కటిగా, తగ్గుట సగమునకు అనుటలో ఒక చమత్కారము కలదు. ఒక దారి 64 పొట్లములను మోయగలదనుకొందము. ముందు వచ్చినవాడొకడు 48 పంపుచున్నాడు. వెనుక వచ్చినవాడు 16 మాత్రమే పంపుచున్నాడు. దారి నిండినది. ఇద్దరును సగమునకు తగ్గిరి. మొదటివానికి 24, రెండవవానికి 8. తరువాత ఇద్దరును ఒక్కొక్కటిగా పెంచుకొనుచు పోగా, 40, 24 కడ దారి మరల నిండినది. మరల సగము చేసికొని, మరల పెరిగినచో 36, 28. ఆపై 34, 30. చూచితిరా? ఎవ్వరును పంపిణీ చేయలేదు. ఒకడు ఎంత పంపుచున్నాడో రెండవవానికి తెలియనే తెలియదు. ఐనను ఎక్కువగలవాడు ఎక్కువ విడిచిపెట్టుటచేత, ఇద్దరి భాగములును క్రమముగా సమానమగుచున్నవి. ఈ సంగతిని దా మింగ్ చియు, రాజ్ జైన్ అనువారు 1989లో గణితముతో నిరూపించిరి. రాజ్ జైన్ మన బెంగుళూరులోని భారతీయ విజ్ఞానసంస్థలో చదివినవాడు.

ఇచట మన ఇండ్లలో నిత్యము వచ్చు సందేహమొకటి కలదు. రౌటరులో జ్ఞాపకస్థలము చాలకపోవుటవలన కదా పొట్లములు పోవుచున్నవి, ఆ స్థలమునే పెంచినచో సరిపోదా? యంత్రములు చేయువారును అట్లే తలచిరి. జ్ఞాపకస్థలము చౌక కావడముతో ఇండ్లలోని రౌటర్లలో సైతము దానిని విరివిగా అమర్చిరి. ఫలితము విపరీతమైనది. పొట్లము పోయినచో గాని పంపువాడు తగ్గడు కదా! స్థలము పెద్దదైనచో పొట్లములు పోవు. వరుస మాత్రము పెరుగుచునే యుండును. ఇంటిలో ఒకరు పెద్ద సినిమాను దించుకొనుచున్నప్పుడు, తల్లి అమెరికాలోని కుమారునితో మాటలాడుచున్నదనుకొందము. ఆమె మాటల పొట్లములు చిన్నవి, కొద్దివి. ఐనను అవి సినిమా పొట్లముల వెనుక వరుసలో నిలువవలెను. అందుచేతనే ప్రశ్నకు జవాబు ఆలస్యమగుట, ఇద్దరును ఒక్కసారిగా మాటలాడుట, మరల ఇద్దరును ఆగుట. దారి చాలదని మనము ఎక్కువ సొమ్ము చెల్లించి వేగము పెంచుకొందుము. లోపము తరచుగా వేగములో గాక వరుసలోనుండును. జిమ్ గెటిస్ అను ఇంజనీరు 2010 ప్రాంతమున తన యింటిలోనే సెకనుకు మించిన ఆలస్యమును కనిపెట్టి, ఈ దోషమును లోకమునకు వెల్లడి చేసెను.

దీనికి మందు వరుసను పొట్టిగా నుంచుట. 1993లో శాలీ ఫ్లాయిడ్, జేకబ్‌సన్ కలిసి, స్థలము పూర్తిగా నిండకమునుపే అచ్చటచ్చట ఒక్కొక్క పొట్లమును పారవేసి పంపువారిని ముందుగనే హెచ్చరింపవచ్చునని చూపిరి. 2012లో కాత్లీన్ నికోల్స్, జేకబ్‌సన్ మరియొక ఉపాయము చెప్పిరి. వరుస పొడవును గాక, పొట్లము వరుసలో గడపిన కాలమును చూడవలెను. ఆ నిరీక్షణ ఒక సెకనులో 10వ వంతు కాలము పొడవున 5 మిల్లీసెకనులకు దిగక నిలిచియున్నచో పారవేయుట ఆరంభింపవలెను. తరువాత వచ్చిన పద్ధతులలో ఒక్కొక్క సంభాషణకు వేరు వరుసయు ఏర్పరచిరి. అట్టి రౌటరున్న యింటిలో ఆ తల్లి మాట సినిమా వెనుక నిలువ నక్కరలేదు.

పారవేయక హెచ్చరించు ఉపాయమును కలదు. రద్దీగానున్న రౌటరు పొట్లముమీద ఒక చిన్న గుర్తు వేసి పంపును. అందుకొన్నవాడు ఆ సంగతిని రసీదులో తెలుపును. పంపువాడు పొట్లము పోయినట్లే భావించి తగ్గును. ఈ ఆలోచనను కె. కె. రామకృష్ణన్, రాజ్ జైన్ 1988లో ప్రతిపాదించిరి. 2001లో ఇది ఇంటర్నెట్టు ప్రమాణములలో చేరినది.

ఇంతవరకు మేము చెప్పినదానిలో మన మందరమును ఆలోచింపదగిన విషయ మొకటి కలదు. ఈ మహామార్గమున సగమునకు తగ్గుమని శాసించు అధికారి లేడు. తగ్గనివానికి శిక్ష లేదు. తగ్గుట అనునది పంపు కంప్యూటరులో వ్రాసియుంచిన ఒక మర్యాద మాత్రమే. పొట్లము పోయినను తగ్గని కంప్యూటరు నొకదానిని ఎవడైనను తయారుచేసినచో, ఇతరులు తగ్గిన కొలది అది ఆ స్థలమును ఆక్రమించుకొనును. కొంతకాలము దానికి లాభమే. దానిని చూచి అందరును అట్లే చేసినచో, మనము 1986 అక్టోబరునకు తిరిగి పోయినట్లే.

ఈ భయము కల్పితము కాదు. టి.సి.పి. నియమావళి లోబడని పొట్లములును దారిలో ఎప్పుడును ఉండినవి. క్రొత్త పద్ధతులు వచ్చినప్పుడెల్ల, అవి పాతవారి భాగమును హరించునా అని పరీక్షింపవలసివచ్చుచున్నది. గూగుల్ సంస్థ 2016లో బి.బి.ఆర్. అను పద్ధతిని ప్రకటించినది. అది పొట్లము పోవువరకు ఆగక, దారి వేగమును, రాకపోకల కాలమును కొలిచి నడచును. ఆలస్యమును తగ్గించుటలో అది మెచ్చదగినది. కాని దాని తొలిరూపము కొన్ని పరిస్థితులలో పాత పద్ధతివారికంటె ఎక్కువ భాగమును తీసికొనుచున్నదని పరిశోధకులు చూపిరి. తరువాత దానిని సవరింపవలసివచ్చినది.

మర్యాద యంత్రములకే గాక మనుష్యులకును అవసరమని 2020లో తెలిసినది. కోవిడ్ వ్యాధివలన జనులు ఇండ్లలో నిలిచిపోగా, పాఠశాలలు, కార్యాలయములు, వైద్యుల సలహాలు కూడ ఈ దారిమీదికే వచ్చినవి. ఆ మార్చి నెలలో ఐరోపాలో నెట్‌ఫ్లిక్స్, యూట్యూబు సంస్థలు తమ చిత్రముల స్ఫుటత్వమును తగ్గించుకొనుటకు అంగీకరించినవి. మన దేశములోను చిత్రప్రసార సంస్థలు కూడి, ఏప్రిల్ 14వ తేదీవరకు సెల్‌ఫోను మార్గములలో చిత్రములను 480 గీతల పరిమాణమునకు మించి పంపరాదని నిర్ణయించుకొనినవి. చూచువారికి బొమ్మ కొంచెము మసకగా నుండెను. ఆ మేర దారి ఇతరులకు దక్కినది.

డెల్టా కాలువలక్రింద సేద్యము చేయువారికి ఈ న్యాయము క్రొత్తది కాదు. తలగట్టు రైతు తన తూమును అవసరమునకు మించి ఎత్తియుంచినచో, శివారు భూమి ఎండును. శివారు రైతు ఎవడో, వాని పొలమెక్కడనో పైవానికి కనబడకపోవచ్చును. ఐనను తూము దించవలసినదే. మన ఫోనును ఆ పనినే చేయుచున్నది. మనము ఒక చిత్రమును చూచుచున్నంతసేపును, దానిని మనకు పంపు కంప్యూటరు, తాను ఎన్నడును ఎరుగని ఎవరి పొట్లముకొరకో, ఎన్నియోమారులు తన వేగమును తగ్గించుకొనుచున్నది. బొమ్మ ఒక్క క్షణము ఆగినప్పుడు మనము విసుగుకొందుము. ఆ క్షణమున మరియొక యింటిలో ఒక మాట చేరవలసినచోటికి చేరియుండవచ్చును.